లైటు ఆర్పితే నవ్విన పాప

నా ముఖం గురించి నాకు పెద్ద భ్రమలేమీ లేవు. నిన్న సాయంత్రం దిల్‌సుఖ్‌నగర్‌లో మెట్రో ఎక్కి కూర్చోగానే ఎదురు సీట్లో తల్లి ఒళ్ళో ఉన్న పాప నన్ను చూసింది. చూసి, రెండు పిడికిళ్ళూ ఎత్తి కళ్ళు గట్టిగా నులుముకుంది. మళ్ళీ చూసింది. నేను అలాగే ఉన్నాను. మళ్ళీ నులుముకుంది. ఇంత చిన్న వయసులోనే సొంత కళ్ళను నమ్మలేని పరిస్థితి తెచ్చిపెట్టినందుకు ఆ బిడ్డ మీద జాలి వేసింది. పాప ఒంటి నుంచి పౌడరూ గ్రైప్‌వాటరూ కలిసిన వాసన వస్తోంది. ఆ వాసన తగిలితే చాలు, నా ముక్కు నన్ను అడగకుండానే రాజ్యలక్ష్మి గారి దుకాణం మెట్లెక్కేస్తుంది. నేను ముందుకు వంగి పాపను గమనించాను. రెండు కళ్ళూ సమానంగా నులుముకుంటోంది, ఆవులిస్తోంది, మెడ నిలవడం లేదు. బోగీలో లైట్లు నేరుగా ముఖం మీద పడుతున్నా పట్టించుకోకుండా తల్లి భుజం మీద వాలి నిద్రపోయింది. ఇది నిద్ర నులుముడే. నేను ఊపిరి పీల్చుకుని వెనక్కి వాలాను. తల్లి మాత్రం నన్నే చూస్తూ బ్యాగు దగ్గరకు లాక్కుంది.

పరాయి పిల్లల కళ్ళను ఇలా పట్టి చూసే అలవాటు నాకు రాజ్యలక్ష్మి గారి దగ్గర అంటుకుంది. దిల్‌సుఖ్‌నగర్ బస్టాపు వెనక సందులో ఆవిడది చిన్నపిల్లల బట్టల దుకాణం. తెనాలి వైపు నుంచి ఎప్పుడో వచ్చి ఇక్కడ స్థిరపడ్డారు. ఇన్నేళ్ళు ఇక్కడున్నా ఆవిడ యాస ఒక్క అంగుళం కూడా విజయవాడ దాటి ఇటు రాలేదు. పోచంపల్లిలో మగ్గం పని సన్నగిల్లి, కొత్తగా పెళ్ళైన నేను పని వెతుక్కుంటూ వచ్చినప్పుడు మా ఇద్దరి మధ్య జరిగిన మొదటి సంభాషణ నాకింకా గుర్తుంది.

"ఏం చదివావయ్యా?"

"ఎనిమిది దాంక సదివిన అమ్మా. తొమ్మిది నన్ను లోపటికి రానియ్యలే."

"మాటలు బాగానే వస్తున్నాయి. చేతులకు పని వచ్చా?"

"మగ్గం మీద పెరిగిన చేతులమ్మా. పోగు తెగకుండ పట్టుకుంట."

"అయితే ఆ గౌన్లు మడతపెట్టు చూద్దాం. పన్లో పనిగా నోరు కూడా మడతపెట్టుకుంటే ఇంకా మంచిది."

గౌన్లు మడతపెట్టాను. నోటిని మడతపెట్టడం ఆవిడ వల్ల కూడా కాలేదు. నా నోటిని చూసే పనిలో పెట్టుకున్నారని తరువాత అర్థమైంది. బేరం తెగక విసిగిపోయిన తల్లులను నవ్వించడానికి ఒకడు కావాలి కదా.

ఆవిడ కూర్చునే స్టూలు గల్లాపెట్టె దగ్గర ఉండేది కాదు. స్విచ్‌బోర్డు కింద ఉండేది. కౌంటరు మీద బట్టలు మెరవడానికి వరసగా పెద్ద లైట్లు పెట్టించారు. తల్లి చంకలో బిడ్డ కళ్ళు నులుముకోవడం మొదలుపెడితే రాజ్యలక్ష్మి గారు చెయ్యి పైకెత్తి ఆ లైట్లు ఆర్పేసేవారు. దుకాణం సగం చీకటయ్యేది. ఆర్పాక "నర్సింహా, ఇక చాలు" అనేవారు. అంటే కొత్తగా ఇంకేమీ చూపించకు, నచ్చినది కట్టి పంపెయ్యి అని అర్థం. బట్టలు కనబడాలని చుట్టుపక్కల దుకాణాలన్నీ పగలే లైట్లు వేసుకుంటుంటే మేము కొనేవాళ్ళ ముందు ఆర్పేవాళ్ళం. మొదట్లో నాకిది బొత్తిగా మింగుడుపడలేదు.

"అమ్మా, ఇంకో రెండు గౌన్లు సూపెడితే ఒక్కటన్న తీస్కుంటుండె గద. నడుమల్నే లైటు బంద్ జేస్తిరి."

"ఆ పిల్ల కొట్టు కట్టేయమంటోంది. వినపడలేదా నీకు?"

"పిల్ల నోరే తెర్వలే గదమ్మా!"

"చేత్తో చెప్పింది. నిద్రొస్తే కళ్ళు బరువెక్కి మంటపుడతాయి. నువ్వైతే ఆవులించి లేచి ఇంటికి పోతావు. అది లేచి ఎక్కడికి పోతుంది? కళ్ళు రుద్దుకుంటుంది. అప్పటికీ మనం వినకపోతే ఏడుస్తుంది. ఏడ్చే బిడ్డ తల్లికి నువ్వు పట్టు పరికిణీ చూపించినా గోనెసంచీలాగే కనిపిస్తుంది."

ఆ సగం చీకట్లో పిల్లలు నిజంగానే తల్లి భుజం మీద వాలిపోయేవారు. తల్లులు తీరిగ్గా డబ్బులిచ్చి వెళ్ళేవారు, మళ్ళీ వచ్చేవారు. దుకాణం పేరు గుర్తులేకపోయినా "ఆ లైట్లు ఆర్పే షాపు" అంటే దిల్‌సుఖ్‌నగర్‌లో ఆటోవాళ్ళు కూడా దింపేవారు.

నులుముకోవడమంతా నిద్ర వల్లే కాదని ఆవిడే నాకు మరోసారి చూపించారు. సరూర్‌నగర్ నుంచి వచ్చిన ఒకావిడ పాప పుట్టినరోజుకు చెమ్కీల గౌను అడిగింది. నేను నా కళాప్రదర్శన మొదలుపెట్టాను. గౌనును పాప మెడకు ఆనించి, "సూడున్రి, పెండ్లికూతురు రెడీ! పిలగాణ్ని దేవులాడుడే తక్వ" అన్నాను. తల్లి నవ్వింది. పాప ఆ గౌనును రెండు చేతులతో పిసికి, మెరిసే పొడి అంటిన వేళ్ళతో కన్ను నులుముకోబోయింది. మోకాళ్ళ నొప్పులతో స్టూలు దిగడానికి మామూలుగా ముహూర్తం చూసుకునే రాజ్యలక్ష్మి గారు ఒక్క ఉదుటున వచ్చి పాప మణికట్లు పట్టుకున్నారు.

"రుద్దనివ్వకండి, కన్ను గీసుకుపోతుంది. నర్సింహా, మంచినీళ్ళు!"

చేతులు కడిగి, కంటి చుట్టూ తడిబట్టతో మెల్లగా తుడిచి, తల్లికి చెప్పారు. "ఇప్పటికి బానే ఉంది. కన్ను ఎర్రబడినా, తెరవకపోయినా, ఆ ఒక్క కన్నే పదేపదే నులుముకుంటున్నా డాక్టరుకు చూపించండి. ఇంట్లో ఉన్న చుక్కలేవీ వేసెయ్యకండి." వాళ్ళు వెళ్ళాక నా వైపు తిరిగారు. "నువ్వూ ఆ గౌనూ ఒకటేనయ్యా. చూడ్డానికి తళతళలు, ముట్టుకుంటే రాలిపోవడం."

ఆ రోజు నుంచి చెమ్కీల గౌన్లను దూరం నుంచే చూపించడం మా దుకాణం పద్ధతి అయింది. నేను కూడా పిల్లల కళ్ళ విషయంలో పండితుణ్ణి అయిపోయాననుకున్నాను. ఒళ్ళంతా అలిసి రెండు కళ్ళూ నులుముకుంటే నిద్ర. ఏదైనా పడితే ఒక కన్ను. ఈ రెండు ముక్కలతో నా చదువు పూర్తయింది. ఎనిమిదో తరగతి కంటే ఇందులో మంచి మార్కులే వచ్చాయి.

ఆ తరువాతే మా స్వాతి పుట్టింది. ఎల్బీనగర్‌లో మేము కిరాయికి ఉండే ఇంటి మెట్ల మీద ఆడవాళ్ళంతా చేరి పాపను చేతులు మార్చుకుంటూ, "ఏం కండ్లమ్మా, ఇంతింత కండ్లు!" అని మురిసిపోయేవారు. నిజంగానే చారెడేసి కళ్ళు. నా కళ్ళు చూస్తే చొక్కా కాజాల్లా ఉంటాయి. "నా పోలిక రానందుకు దేవునికి కొబ్బరికాయ కొట్టాలె" అని నేనే అందరికంటే ముందు అనేవాణ్ణి. దిష్టి తగులుతుందని మా అమ్మ ఊరి నుంచి కాటుక డబ్బా పట్టుకొచ్చింది. పాప కళ్ళ నుంచి ఎప్పుడూ నీళ్ళు కారుతుండేవి. పక్కింటావిడ తన మనవడికీ అలాగే కారేవని, ముక్కు పక్క నాళం మూసుకుపోతే అలా అవుతుందని, పెరిగే కొద్దీ దానంతటదే పోయిందని చెప్పింది. ఆవిడ చెప్పింది అబద్ధమేమీ కాదు. చాలామంది పిల్లలకు అలాగే పోతుంది.

స్వాతి కళ్ళు కూడా బాగా నులుముకునేది. గడప దాటి ఎండలోకి తీసుకొస్తే చాలు, ముఖం మా ఆవిడ మంజుల మెడలో దాచేసి నులుముడు మొదలు. ఇంట్లో ఈ శాస్త్రం తెలిసినవాణ్ణి నేనే కాబట్టి తీర్పు కూడా నాదే.

"నిద్రొస్తుంది, పండవెట్టు."

"ఇప్పుడే గద లేసింది. మల్ల నిద్రేంది?"

"నీ బిడ్డనే గద. నీ లెక్కనే ఉంటది."

మంజుల విసుక్కుంటూనే పండబెట్టేది. మూసిన తలుపుల గదిలో, చీకట్లో, పాప నిద్రపోకుండా కాళ్ళు ఆడిస్తూ కేరింతలు కొట్టేది. "మొండిది" అనుకున్నాం.

ఆ ఏడు దసరా బేరాలు మొదలయ్యాక మంజుల పాపను తీసుకుని మొదటిసారి దుకాణానికి వచ్చింది. మధ్యాహ్నం, కౌంటరు నిండా జనం. రాజ్యలక్ష్మి గారు పాపను ఒళ్ళోకి తీసుకున్నారు. "అబ్బో, చారెడేసి కళ్ళే! నర్సింహా, నిజం చెప్పు, ఎక్కడ ఎత్తుకొచ్చావు?" అన్నారు. అందరూ నవ్వారు. పాప మాత్రం కౌంటరు లైట్ల కింద ముఖం చిట్లించి, ఆవిడ చీర కుచ్చిళ్ళలో తల దూర్చి, కళ్ళు నులుముకోసాగింది.

"నిద్రమ్మా" అన్నాను.

ఆవిడ అలవాటు ప్రకారం చెయ్యెత్తి లైట్లు ఆర్పారు. స్వాతి మెల్లగా తల బయటికి తీసింది. కళ్ళు పూర్తిగా తెరిచింది. చుట్టూ చూసి, ఆవిడ కళ్ళద్దాల తాడు పట్టుకుని బోసినవ్వు నవ్వింది. నిద్ర ఛాయలే లేవు.

ఆవిడ మళ్ళీ లైట్లు వేశారు. పాప మళ్ళీ తల దూర్చేసి నులుముకుంది. మళ్ళీ ఆర్పారు. మళ్ళీ నవ్వింది. కొనడానికి వచ్చినవాళ్ళు ఇదేదో ఆట అనుకుని చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. "సూడున్రి, మా బిడ్డకు కరెంటు బిల్లు రంది ఇప్పట్నించే" అన్నాను. రాజ్యలక్ష్మి గారు నవ్వలేదు.

"ఇంట్లో కూడా ఇంతేనా అమ్మాయ్?" అని మంజులను అడిగారు.

"ఎండకు పోతే గిట్లనే జేస్తదమ్మా. సీకట్ల మంచిగ ఆడుకుంటది."

"నీళ్ళు కూడా కారుతున్నాయి. ఎప్పట్నుంచి?"

"పుట్టినప్పట్నుంచి. ముక్కు నాళమంట, పోతదన్నరు."

ఆవిడ పాపను కిటికీ దగ్గరకు తీసుకెళ్ళి, చీర చెంగు అడ్డుపెట్టి, చాలాసేపు ఆ కళ్ళలోకి చూశారు. నేను పక్కన నిలబడి, "ఏమైందమ్మా, గట్ల జూస్తున్నరు? మీకు గూడ నిద్రొస్తుందా?" అన్నాను.

"నర్సింహా, కాసేపు ఊరుకో. నేను డాక్టర్ని కాను. నాకు తెలిసింది నిద్ర ఒక్కటే. నిద్రొచ్చే బిడ్డ లైటు ఆర్పితే పడుకుంటుంది. నీ బిడ్డ లేచి కూర్చుంది. ఇదేమిటో నాకు తెలీదు. నిద్ర మాత్రం కాదు. నల్లగుడ్డు కూడా ఆవిరి పట్టిన అద్దంలా ఉంది. ఇవాళే చూపించాలి."

"పండుగ కాంగనే సూపెడ్తనమ్మా. ఇప్పుడు గిరాకీ..."

ఆవిడ నా మాట పూర్తికానివ్వలేదు. కౌంటరు ముందున్నవాళ్ళ వైపు తిరిగి, "అమ్మా, ఏమీ అనుకోకండి, కొట్టు కట్టేస్తున్నాం. రేపు రండి" అన్నారు. దసరా ముందు, పట్టపగలు, చేతిలో బట్టలతో నిలబడ్డ జనాన్ని బయటికి పంపి షట్టరు దించడం ఆ సందులో అంతకు ముందు ఎవరూ చూసి ఉండరు. పక్క చెప్పుల దుకాణం వాళ్ళు ఎవరో పోయారనుకుని పరిగెత్తుకొచ్చారు. ఆటోలో ఆవిడ పాప ముఖం మీద చెంగు కప్పి కూర్చున్నారు. మలక్‌పేట దాటే దాకా ఆ చెంగు తియ్యలేదు.

కళ్ళ దవాఖానలో చూసింది ఒక చిన్న వయసు డాక్టరమ్మ. పాపకు మత్తిచ్చి పరీక్ష చేశాక మమ్మల్ని కూర్చోబెట్టి చెప్పింది. మీది మేనరికమా అని అడిగింది. అవును, మంజుల మా మేనమామ కూతురే. దగ్గరి సంబంధాల్లో ఇది కొంచెం ఎక్కువగా కనిపిస్తుందని, అలాంటి సంబంధం కాకపోయినా రావచ్చని, ఎవరి తప్పూ అనుకోవద్దని చెప్పింది. పుట్టుకతో వచ్చిన నీటికాసులట. కంటి లోపల తయారయ్యే నీరు బయటికి పోయే దారి సరిగా ఏర్పడక లోపల ఒత్తిడి పెరిగిపోతోందట. అందుకే వెలుతురు గుచ్చుకుంటుంది, అందుకే నీళ్ళు, అందుకే నులుముడు.

"మరి కండ్లు మంచిగ పెద్దగ ఉన్నయి గద మేడం? అందరు అదే అంటరు" అన్నాను. ఏదో ఒక మంచి మాట ఆమె నోటి నుంచి రాబట్టాలని.

"చిన్నపిల్లల కన్ను మెత్తగా ఉంటుంది. లోపలి ఒత్తిడికి సాగుతుంది. పెద్దగా ఉన్నాయని మీరనుకుంటున్నది అదే. వెంటనే ఆపరేషన్ చేయాలి. ఆలస్యమైతే చూపు నిలవదు."

ఊరంతా మురిసింది దాన్ని చూసే. మేము దిష్టి తీసింది దానికే. మంజుల ఏడవలేదు, పాప పాదాలు రెండూ ఒక గుప్పిట్లో పట్టుకుని అలాగే కూర్చుంది. నేను ఆమె పక్కన కూర్చున్నాను.

ఆపరేషన్ రోజు బయట బెంచీ మీద ముగ్గురం. జీవితంలో మొదటిసారి నా దగ్గర మాట లేదు. ఏ సంగతైనా కొంచెం వంకరగా చూస్తే నవ్వు దొరుకుతుందని నా నమ్మకం. ఆ తలుపును ఎటు నుంచి చూసినా ఏమీ దొరకలేదు. చాలాసేపటికి రాజ్యలక్ష్మి గారు నా మోచెయ్యి పొడిచారు.

"ఏమయ్యా, మాట పడిపోయిందా?"

"లేదమ్మా."

"అయితే ఏదో ఒకటి వాగు. నాకు భయంగా ఉంది."

నాకు ఏమీ రాలేదు. అప్పుడు ఆవిడే మొదలుపెట్టారు. తెనాలిలో ఎవరో పిసినారి దర్జీ కథ. మధ్యలో దర్జీ పేరు మరిచిపోయారు, చివరికి నవ్వు ఎక్కడ రావాలో కూడా మరిచిపోయారు. "ఆ తర్వాత ఏదో అంటాడు, చాలా బాగుంటుంది" అని ముగించారు. మంజుల ఫక్కున నవ్వింది, నవ్వుతూ నవ్వుతూ అప్పుడు ఏడ్చింది. నోరున్నవాడు ఉండి కూడా అవసరానికి ఆ పని ఆవిడ చేయవలసి వచ్చింది. అంత చెత్తగా చెప్పిన కథ నేను మళ్ళీ వినలేదు. అంత పనికొచ్చిన కథ కూడా.

రెండు కళ్ళూ నిలిచాయి. ఎడమది బాగా, కుడిది కొంచెం తక్కువగా. తరువాత చుక్కల మందులు, ఒత్తిడి పరీక్షలు, సీసా అడుగులాంటి కళ్ళద్దాలు, మరోసారి ఆపరేషన్. ఇప్పటికీ క్రమం తప్పకుండా చూపించుకుంటూనే ఉన్నాం. ఇది ఒకసారితో అయిపోయే పని కాదని డాక్టరమ్మ మొదటి రోజే చెప్పింది. పాప మొదటిసారి కళ్ళద్దాలు పెట్టుకుని దుకాణానికి వచ్చినప్పుడు రాజ్యలక్ష్మి గారు కౌంటరు లైట్లన్నీ వేసి నిలబెట్టారు. స్వాతి ముఖం దాచుకోలేదు. లైట్ల వైపు వేలు చూపించి, "అవి ఎందుకున్నయి?" అని అడిగింది. "నీకు పరీక్ష పెట్టడానికి" అన్నారావిడ.

రాజ్యలక్ష్మి గారు పోయి కొంతకాలమైంది. దుకాణం వాళ్ళ కోడలు నడుపుతోంది, నేను అదే కౌంటరు వెనక ఉన్నాను. స్టూలు ఇప్పటికీ స్విచ్‌బోర్డు కిందే ఉంది. బిడ్డ కళ్ళు నులుముకుంటే లైట్లు ఆర్పుతాం. తేడా ఒక్కటే, ఆర్పాక నేను ఆ బిడ్డ ముఖం చూస్తాను. వాలిపోతే సంచీ కట్టి పంపుతాను. ముఖం ఎత్తి నవ్వితే, లేదా ఎప్పుడూ నీళ్ళు కారుతుంటే, ఒక కన్ను రెండోదానికంటే పెద్దగానో మసకగానో అనిపిస్తే, "అమ్మా, ఒక్కపారి కండ్ల డాక్టరుకు సూపెట్టున్రి" అంటాను. జబ్బు పేరు చెప్పను. అది నా పని కాదు. చాలామందికి ఏమీ ఉండదు. తిరిగొచ్చి, "ఉత్తగనే పరేషాన్ జేస్తివి గదనే" అని తిట్టిపోతారు. ఆ తిట్లు నాకు ఇష్టం. ఒకావిడ మాత్రం అక్కడికక్కడే, "నువ్వేమన్న డాక్టరువా?" అని నిలదీసింది. "కాదమ్మా, ఎనిమిదో తరగతి. గందుకే డాక్టరు తానకు పొమ్మంటున్న" అన్నాను.

నిన్న మెట్రో దిగి ఇంటికి వెళ్ళేసరికి స్వాతి ట్యూబులైటు కింద ఇంటర్ పుస్తకాలు పరుచుకుని కూర్చుంది. పుస్తకం ముఖానికి బాగా దగ్గరగా పెట్టుకుంటుంది, అయినా లైటు వైపే తిరిగి కూర్చుంటుంది. చెప్పులు విడుస్తూనే నేను మెట్రోలో జరిగింది అభినయించి చూపించాను. పాప నన్ను చూడడం, నమ్మలేక కళ్ళు నులుముకోవడం, మళ్ళీ చూడడం, ఇక లాభం లేదని నిద్రపోవడం. వంటింట్లోంచి మంజుల నవ్వింది. స్వాతి నవ్వలేదు. కళ్ళద్దాలు తీసి చున్నీతో తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుని, నన్ను పైనుంచి కిందికి తాపీగా చూసింది.

"గా పాప నసీబు మంచిది నాయినా, కండ్లు మూస్కొని పండుకుంది. నాకైతే ఆపరేషన్ జేసి మరీ సూపెట్టిన్రు గీ మొఖం."